ఆరువందల రిజిస్ట్రేషన్



కారు కొనడానికి షోరూంకి వెళ్తే చేతిలో ఒక కాగితం పెడతారు. కొటేషన్ అంటారు దాన్ని. పైన పెద్ద అంకెల్లో ఎక్స్ షోరూం ధర ఉంటుంది, అడుగున అంతకంటే పెద్ద అంకెల్లో ఆన్ రోడ్ ధర. ఈ రెంటికీ మధ్య ఏడెనిమిది లైన్లు, కాస్త చిన్న అక్షరాల్లో. మన కళ్ళు పై అంకె మీంచి కింది అంకె మీదికి దూకేస్తాయి. మధ్యలో ఏముందయ్యా అంటే సేల్స్ కుర్రాడు "అదంతా రిజిస్ట్రేషనూ ఇన్సూరెన్సూ అండీ" అని ఒక్క ఊపిరిలో తేల్చేస్తాడు. ఎనిమిది లక్షల బండి తొమ్మిదిన్నరకు తేలుతుంది. ఇంటికొచ్చి, రిజిస్ట్రేషన్‌కే లక్షన్నర అయిందని చుట్టాలకు చెప్పుకుంటాం.

ఇవాళ ఆ మధ్య లైన్ల సంగతి చూద్దాం.

సొంత వాడకానికి కొన్న కారుకు రిజిస్ట్రేషన్ ఫీజు 600 రూపాయలు. మోటారు సైకిలుకైతే 300. మరేం లేదు, అంతే. ఆటోకు, చిన్న ట్రాలీకి వెయ్యి, పెద్ద లారీకి 1500, విదేశం నుంచి దిగుమతి చేసుకున్న కారుకు 5000. స్మార్ట్ కార్డు రూపంలో ఆర్సీ ఇస్తే దానికి ఇంకో 200. కేంద్ర మోటారు వాహనాల నిబంధనల్లో 81వ నిబంధన కింద ఒక పట్టిక ఉంది, అందులోవి ఈ అంకెలు. 2016 డిసెంబరులో ఒకసారి పెంచగా వచ్చిన రేట్లివి. దీనికి రాష్ట్రం తన వంతుగా సర్వీసు చార్జీ, ఆర్సీని ఇంటికి పంపే పోస్టు ఖర్చు కలుపుకుంటుంది. అన్నీ కలిపినా వందల్లోనే ఉంటుంది లెక్క, వేలకు పోదు.

మరి లక్షన్నర ఎక్కణ్ణుంచి వచ్చింది? దానికి రాజ్యాంగం దాకా వెళ్ళాలి. మోటారు వాహనాల చట్టం చేసే అధికారం ఉమ్మడి జాబితాలో ఉంది. 1988లో పార్లమెంటు చేసిన చట్టమే దేశమంతటికీ వర్తిస్తుంది. బండి నంబరు ఎలా ఉండాలి, ఫీజు ఎంత, ఎవరి దగ్గర నమోదు చేయించాలి అన్నవి ఢిల్లీ చెబుతుంది. కానీ బండి మీద పన్ను వేసే అధికారం రాష్ట్ర జాబితాలో 57వ అంశం. అది రాష్ట్రాల సొత్తు. అందుకే శ్రీకాకుళంలో కొన్నా శ్రీనగర్‌లో కొన్నా ఫీజు ఒకటే, పన్ను మాత్రం రాష్ట్రం దాటితే మారిపోతుంది. ఆ పన్ను కట్టందే నంబరు రాదు కాబట్టి రెండూ ఒకే కిటికీలో, ఒకే రోజు జరిగిపోతాయి. అందువల్ల పన్నుని కూడా మనం రిజిస్ట్రేషన్ అనే పిలుస్తున్నాం.

మన దగ్గర ఆ పన్నుకు లైఫ్ టాక్స్ అని పేరు, అంటే జీవితకాల పన్ను. జీవితం మనది కాదు, బండిది. లారీలు నడిపేవాళ్ళకు మూడు నెలలకోసారి కట్టే క్వార్టర్లీ టాక్స్ అలవాటే. సొంత బండ్లకు ఆ తిప్పలు లేకుండా మొత్తం ఒకేసారి ముందే వసూలు చేయడం లైఫ్ టాక్స్ పద్ధతి. కట్టేవాడికి ఏటా క్యూలో నిలబడే బాధ తప్పింది, సర్కారుకు డబ్బు ముందే చేతికొచ్చింది. దీనికి మూలం 1963 నాటి ఆంధ్రప్రదేశ్ మోటారు వాహనాల పన్ను చట్టం. రాష్ట్రం రెండయ్యాక తెలంగాణ కూడా అదే చట్టాన్ని తన పేరుతో తీసుకుంది.

2010 నుంచి చాలా కాలం కార్లకు రెండే మెట్లుండేవి. పది లక్షల లోపు 12 శాతం, ఆపైన 14 శాతం. 2022లో రెండు రాష్ట్రాలూ నాలుగు మెట్ల పట్టిక తెచ్చాయి. అయిదు లక్షల లోపు 13 శాతం, అయిదు నుంచి పది దాకా 14, పది నుంచి ఇరవై దాకా 17, ఇరవై దాటితే 18. తెలంగాణ 2025 ఆగస్టులో ఖరీదైన బండ్ల మీద మళ్ళీ పెంచింది. మనం 2022 పట్టికతోనే లెక్క వేద్దాం. ఎనిమిది లక్షల కారుకు 14 శాతం అంటే లక్షా పన్నెండు వేలు. పక్కనే ఉన్న రిజిస్ట్రేషన్ ఫీజు ఆరువందలు. చుట్టాలకు చెప్పుకున్న లక్షన్నరలో సింహభాగం ఏదో తెలిసిపోయింది కదా.

ఈ పట్టికలో ఒక తిరకాసు ఉంది. ఆదాయ పన్నులో మెట్టు దాటితే, దాటిన మేరకే ఎక్కువ రేటు పడుతుంది. లైఫ్ టాక్సులో అలా కాదు. మెట్టు దాటిన మరుక్షణం మొత్తం ధర మీద కొత్త రేటు పడుతుంది. కారు ధర 9 లక్షల 99 వేలు అనుకోండి. 14 శాతం చొప్పున పన్ను 1,39,860 రూపాయలు. అదే కారుకు మంచి రంగు కావాలని రెండు వేలు ఎక్కువ పెట్టారు, ధర 10 లక్షల వెయ్యి అయింది. ఇప్పుడు 17 శాతం. పన్ను 1,70,170. రెండు వేల రంగుకు ముప్పై వేల మూడు వందల పది రూపాయల పన్ను! పది లక్షలు దాటిందంటే ఆదాయ పన్ను శాఖ తరఫున షోరూంవాడే మరో ఒక శాతం పట్టుకుంటాడు, టీసీఎస్ అని. అది ఇంకో పది వేలు. ఆ పది వేలు పోయే సొమ్ము కాదు, రిటర్ను వేసేటప్పుడు మన పన్నులో సర్దుబాటు అవుతుంది, లేదా వాపసు వస్తుంది. రిటర్నే వెయ్యనివాళ్ళు మాత్రం దాన్ని ఖర్చు కిందే రాసేసుకుంటున్నారు. కార్ల కంపెనీలు పది లక్షలకు కొంచెం ఇవతలే ఇన్ని మోడళ్ళ ధరలు ఎందుకు ఆపుతాయో అని ఆశ్చర్యపోయేవాళ్ళకు సగం జవాబు ఇక్కడ దొరుకుతుంది.

ఇంకో సంగతి. లైఫ్ టాక్స్ లెక్కకట్టేది ఎక్స్ షోరూం ధర మీద. ఆ ధరలో జీఎస్టీ కలిసే ఉంటుంది. ఎనిమిది లక్షల చిన్న కారులో, 18 శాతం జీఎస్టీ కింద లక్షా ఇరవై రెండు వేలు పోతుంది. ఆ లక్షా ఇరవై రెండు వేల మీద కూడా 14 శాతం లైఫ్ టాక్స్ పడుతుంది. అంటే జీఎస్టీగా కట్టిన పన్ను మీద రాష్ట్రానికి మరో పదిహేడు వేలు కడుతున్నామన్నమాట. పన్ను మీద పన్ను వేయకూడదనే కదా జీఎస్టీ తెచ్చారు అని మీరు అడగవచ్చు. వాహన పన్ను జీఎస్టీలో కలవలేదు, కాబట్టి ఆ సూత్రం దీనికి అంటదు. దీనికో మంచి వైపు కూడా ఉంది. 2025 సెప్టెంబరు 22న చిన్న కార్ల మీద, 350 సీసీ లోపు మోటారు సైకిళ్ళ మీద జీఎస్టీ 28 నుంచి 18కి దిగినప్పుడు, ఆ తగ్గిన మేరకు లైఫ్ టాక్స్ కూడా తగ్గింది. పత్రికల్లో జీఎస్టీ సంగతే వచ్చింది, ఈ రెండో తగ్గింపు సంగతి పెద్దగా ఎవరూ రాయలేదు.

తెలంగాణలో ఇప్పటికే కారున్న మనిషి తన పేరు మీదే రెండో కారు కొంటే లైఫ్ టాక్స్ మరో రెండు శాతం ఎక్కువ. అందుకే మన ఇళ్ళల్లో చాలామంది భార్యల పేరు మీద కార్లున్నాయి. స్టీరింగ్ ఎవరి చేతిలో ఉంటుందన్నది వేరే సంగతి. కరెంటు బండి కొనేవాళ్ళకు తెలంగాణ 2024 నవంబరులో పెద్ద ఊరటే ఇచ్చింది. 2026 డిసెంబరు 31 దాకా లైఫ్ టాక్సూ రిజిస్ట్రేషన్ ఫీజూ రెండూ మాఫీ. పదిహేను లక్షల పెట్రోలు కారుకు 2022 పట్టికలోని 17 శాతం లెక్కన రెండున్నర లక్షలు దాటుతుంది పన్ను. అదే ధరలో కరెంటు కారుకు సున్న. కరెంటు కారు ఖరీదెక్కువ అని లెక్కలు వేసేవాళ్ళు ఈ లైను కూడా పక్కన పెట్టుకుని వేయాలి.

బైకుల దగ్గరికి వద్దాం. కార్లకంటే కొనేవాళ్ళు ఎక్కువ ఇక్కడే. 2022 పట్టికలో యాభై వేల లోపు బండికి 9 శాతం, దాటితే 12. చదవడానికి బాగానే ఉంది, బీదవాడికి తక్కువ, ఉన్నవాడికి ఎక్కువ. కానీ యాభై వేల లోపు పెట్రోలు బండి ఏదీ? మోపెడ్లలో ఒకటీ అరా తప్పిస్తే షోరూంలో కనపడదు. పాలు పోసే మనిషి కొనే వంద సీసీ బండి కూడా ఆ గీత దాటేసింది. కాబట్టి తొమ్మిది శాతం మెట్టు కాగితం మీద ఉన్నట్టే లెక్క. తొంభై వేల బండికి 10,800 పన్ను, మూడు వందల ఫీజు. దానికి తోడు అయిదేళ్ళ థర్డ్ పార్టీ బీమా. సుప్రీంకోర్టు చెప్పిన మీదట 2018 సెప్టెంబరు నుంచి కొత్త బైకుకు అయిదేళ్ళకు, కొత్త కారుకు మూడేళ్ళకు ఒకేసారి థర్డ్ పార్టీ బీమా తీసుకోవాలి. నూటయాభై సీసీ లోపు బైకుకు 2022 జూన్‌లో అమల్లోకి వచ్చిన రేటు 3,851 రూపాయలు, దాని మీద జీఎస్టీ. బీమా రిజిస్ట్రేషన్ కాదు, కానీ అది లేకుండా రిజిస్ట్రేషన్ జరగదు. థర్డ్ పార్టీ రేటు ప్రభుత్వం నిర్ణయించేది, ఎక్కడ కొన్నా ఒకటే. మన బండికి మనం చేయించే సొంత నష్టం బీమా మాత్రం కంపెనీకో రేటు. షోరూంలోనే తీసుకోవాలని ఏ చట్టంలోనూ లేదు. బయట అడిగి చూడండి, తేడా వేలల్లో కనపడవచ్చు.

ఇక కొటేషన్ కాగితంలో నాకు నచ్చని లైను ఒకటుంది. దానికి రకరకాల పేర్లు. హ్యాండ్లింగ్ చార్జీలు, లాజిస్టిక్స్ చార్జీలు, డిపో చార్జీలు, ఇంకొన్నిచోట్ల ఉత్త "ఇతరములు". బైకుకు వెయ్యో రెండువేలో, కారుకు అయిదు నుంచి పదివేల దాకా చూశాను. కంపెనీ గోడౌను నుంచి షోరూం దాకా బండి తెచ్చినందుకట. మరి అది ఎక్స్ షోరూం ధరలో లేకపోతే, ఆ ధరకు ఆ పేరెందుకు? రవాణా శాఖ అధికారులు ఈ వసూళ్ళు కుదరవని డీలర్లను చాలాసార్లు హెచ్చరించారు. వినియోగదారుల ఫోరాలకెక్కి ఆ సొమ్ము వడ్డీతో సహా రాబట్టుకున్నవాళ్ళూ ఉన్నారు. అయినా ఆ లైను చావదు, పేరు మార్చుకుని మళ్ళీ పుడుతుంది. ఎందుకంటే అది కనిపించే సమయానికి మనం ఇంట్లోవాళ్ళతో సహా షోరూంలో కూర్చుని ఉంటాం. మంచిరోజు చూసుకుని వచ్చాం, కొబ్బరికాయా నిమ్మకాయలూ సంచిలో ఉన్నాయి, పిల్లలు అప్పుడే కారెక్కి హారన్ కొడుతున్నారు. ఆ క్షణంలో అయిదు వేల కోసం గొడవేంటి అనిపిస్తుంది ఎవరికైనా. షోరూంవాడి లెక్క కూడా సరిగ్గా అదే. అడగదలిస్తే అడ్వాన్సు కట్టకముందు, నలుగురూ లేనప్పుడు అడగాలి. ఈ లైనుకు విడిగా బిల్లు రాసివ్వండి అనండి, చాలాసార్లు ఆ మాటకే లైను మాయమవుతుంది.

రిజిస్ట్రేషన్ చార్జీలు అని ఒకే అంకె వేసి, అందులో అయిదారు వేలు కలిపేయడం ఇంకో పద్ధతి. దీనికి మందు సులువే. లైఫ్ టాక్స్ ఎంత కట్టారో, ఫీజు ఎంత కట్టారో రవాణా శాఖ రసీదులో పైసలతో సహా ఉంటుంది. ఆ రసీదు మీ పేరు మీద వస్తుంది, అది మీ హక్కు. కొటేషన్ పక్కన పెట్టుకుని చూస్తే తేడా అక్కడే తేలిపోతుంది. తీసుకెళ్ళి చూపించే ఖర్చు అని కూడా ఒకటి రాస్తుంటారు. పూర్తిగా తయారై వచ్చిన కొత్త బండిని తనిఖీకి ఆర్టీవో ఆఫీసుకు తీసుకెళ్ళనక్కర్లేదని కేంద్రం 2021లోనే నిబంధన మార్చింది.

నంబరు రాకముందే బండి రోడ్డెక్కించే అలవాటు మనకు బాగా ఎక్కువ. నంబరు ఉండవలసిన చోట ఏ బై ఎఫ్ అని రాసుకుని తిరుగుతుంటారు, దరఖాస్తు చేశాం అని దాని అర్థమట. చట్టం దృష్టిలో ఆ రెండక్షరాలకు ఏ విలువా లేదు. షోరూంలో ఇచ్చే టీఆర్, అంటే తాత్కాలిక నంబరు అయినా ప్లేటు మీద ఉండాలి. రిజిస్ట్రేషన్ లేని బండి నడిపితే మొదటిసారి రెండు వేలకు తగ్గకుండా అయిదు వేల దాకా జరిమానా. మళ్ళీ దొరికితే పది వేల దాకా, ఏడాది దాకా జైలు కూడా వేయొచ్చు.

ఇప్పుడు ప్లేటు. మనం హై సెక్యూరిటీ ప్లేటు అంటున్న దానికి పాతికేళ్ళ కథ ఉంది. 2001లోనే కేంద్రం నిబంధన తెచ్చింది. టెండర్లు, కోర్టులు, వాయిదాలతో ఏళ్ళు గడిచిపోయాయి. మణీందర్‌జిత్ సింగ్ బిట్టా సుప్రీంకోర్టుకు వెళ్ళి, రాష్ట్రాలు ఎందుకు అమలు చేయడం లేదని నిలదీశాక కదలిక వచ్చింది. తీవ్రవాదుల బాంబుదాడిలో కాలు పోగొట్టుకున్న మనిషి ఆయన. దొంగ నంబరు ప్లేట్లతో తిరిగే బండ్లు ఎంత పని చేస్తాయో ఆయనకు ఎవరూ చెప్పనక్కర్లేదు. ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌లో 2013 చివర్లో ఈ ప్లేట్లు మొదలైనప్పుడు బైకుకు 245 రూపాయలు వసూలు చేశారు. తర్వాత 2019 ఏప్రిల్ 1 నుంచి కొత్త బండ్లకు పద్ధతి మారింది. ప్లేటు బండి తయారుచేసిన కంపెనీయే ఇవ్వాలి, డీలరు బిగించి ఇవ్వాలి. కాబట్టి కొత్త బండి కొటేషన్‌లో నంబరు ప్లేటుకని విడిగా ఒక లైను కనబడితే అదేమిటని అడగవలసిందే. ఆ తేదీకి ముందు కొన్న పాత బండికి వేయించుకోవాలంటే మాత్రం మన జేబులోంచే. బైకుకు మూడు నాలుగు వందలు, కారుకు ఆరేడు వందలు పట్టుకోండి.

ఆ ప్లేటును ఒకసారి దగ్గరగా చూడండి. ఒక మిల్లీమీటరు మందం అల్యూమినియం రేకు. ఎడమవైపు పైన అశోకచక్రం హోలోగ్రాం, దాని కింద నీలంలో ఐఎన్‌డీ. అడుగున కంటికి ఆనీ ఆనకుండా లేజరుతో చెక్కిన పది అంకెల గుర్తింపు సంఖ్య. అక్షరాల మీద అంటించిన పొరలో ఏటవాలుగా ఇండియా అని రాసి ఉంటుంది. బిగించేవి మామూలు స్క్రూలు కావు, ఒకసారి బిగిస్తే విరిస్తే తప్ప ఊడవు. కారు అద్దానికి లోపల అంటించే స్టిక్కరు మూడో ప్లేటు కింద లెక్క. పెట్రోలు, సీఎన్‌జీ బండికి లేత నీలం, డీజిలు బండికి నారింజ రంగు. ఢిల్లీలో గాలి కాలుష్యం ముదిరినప్పుడు ఏ బండిని ఆపాలో పోలీసుకు దూరం నుంచే తెలియడానికి.

ఇంత హంగూ చేసిన ప్లేటు మీద మన కుర్రాళ్ళ ప్రతాపం చూడాలి. చలానా కెమెరాకు చిక్కకుండా వెనక ప్లేటును పైకి వంచేవాడొకడు, చివరి అంకె మీద మాస్కు తగిలించేవాడొకడు. దాన్ని పీకేసి అభిమాన నటుడి బొమ్మతో, "నాన్న కానుక" అన్న రాతతో ఇంకో ప్లేటు చేయించేవాడు మరొకడు. ఉచితంగా వచ్చినదాన్ని తీసేసి అయిదారు వందలు పెట్టి చట్టవిరుద్ధమైనదాన్ని కొనుక్కోవడం, ఆ మీద దానికి జరిమానా కట్టడం. ఈ లెక్క నా బుర్రకు అందదు.

పేర్లు మారినప్పుడల్లా ప్లేటు మార్చాలేమోనన్న భయం కూడా మనవాళ్ళను చాలాసార్లు పట్టుకుంది. 2014లో తెలంగాణ ఏర్పడి టీఎస్ వచ్చాక, ఏపీ నంబర్లన్నీ మార్చుకోవాలన్న ప్రతిపాదన వచ్చింది. హైదరాబాదులో లక్షలమంది గుండెలు గుభేలుమన్నాయి. అది అమలు కాలేదు. అటు ఆంధ్రప్రదేశ్ 2019లో జిల్లాకో సంకేతం తీసేసి రాష్ట్రమంతటికీ ఏపీ 39 పెట్టింది. కృష్ణా జిల్లా 16, గుంటూరు 7, విశాఖ 31 అని బండిని చూసి ఊరు చెప్పే ఆట అక్కడితో ఆగిపోయింది. 2024 మార్చిలో టీఎస్ పోయి టీజీ వచ్చింది. ఈ మార్పులన్నీ కొత్త బండ్లకే. పాత నంబరుతో తిరుగుతున్నవాళ్ళు ఒక్క రూపాయి కట్టనక్కర్లేదు. మార్పిస్తామని ఎవరైనా ఏజెంటు ఫోను చేస్తే పెట్టేయండి.

ఖర్చు కోరి పెట్టుకునేవాళ్ళూ ఉన్నారు. ఫ్యాన్సీ నంబరు. మామూలుగా కంప్యూటరు ఇచ్చే నంబరుకు ఏమీ కట్టక్కర్లేదు. మనసుపడ్డ నంబరు కావాలంటే దాని స్థాయిని బట్టి రుసుము కట్టి దరఖాస్తు చేయాలి. అదే నంబరు ఇంకొకరు కూడా అడిగితే ఆన్‌లైన్‌లో వేలం పాట. హైదరాబాద్ ఖైరతాబాద్ ఆఫీసులో 2024 ఆగస్టులో నాలుగు తొమ్మిదుల నంబరు 25 లక్షల 50 వేల పైచిలుకుకు పోయింది. ఆ డబ్బుతో మంచి కార్లు రెండు వస్తాయి. హర్యానాలో 2025 నవంబరులో ఎనిమిదుల వరస ఒకటి కోటీ 17 లక్షల దాకా పాట పెరిగింది. తీరా పాడిన మనిషి సొమ్ము కట్టలేదు. మళ్ళీ వేలం వేయవలసి వచ్చింది.

మన దగ్గర తొమ్మిదికి ఉన్న గిరాకీ ఇంకే అంకెకూ లేదు. అంకెలన్నీ కూడితే తొమ్మిది రావాలి. ఎనిమిది వస్తే శనిదట, వద్దంటారు. అదే ఎనిమిది కోసం హర్యానావాళ్ళు కోటికి పైగా పాడారంటే శని కూడా ప్రాంతాన్ని బట్టి అనుగ్రహిస్తాడేమో. నవ్వుతున్నాను కానీ, ఫ్యాన్సీ నంబర్ల మీద నాకు కోపం లేదు. బండి పన్నులన్నిటిలోకీ ఇష్టపడి కట్టేది ఇదొక్కటే. ఎవరి నెత్తిన రుద్దినదీ కాదు. వేలంలో లక్షలు పోసేవాణ్ణి చూసి జాలిపడే కంటే, ఆ లక్షలు రోడ్డు గుంతల దాకా చేరుతున్నాయా అని అడగడం మేలు.

ఉద్యోగం కోసం రాష్ట్రం మారేవాళ్ళ బాధ వేరు. విజయవాడలో కొన్న కారు బెంగళూరు వెళ్ళింది. జీవితకాల పన్ను కట్టేశాం కదా అనుకుంటాం. ఆ జీవితం ఆంధ్రప్రదేశ్‌లో గడిపినంతవరకే. వేరే రాష్ట్రంలో పన్నెండు నెలలు దాటి ఉంచితే అక్కడి నంబరు తీసుకోవాలని 1988 చట్టం 47వ సెక్షన్ చెబుతోంది. దానికి పాత ఆర్టీవో దగ్గర ఎన్‌వోసీ తేవాలి, దాని ఫారం 28. కొత్త రాష్ట్రంలో బండి వయసును బట్టి తగ్గించిన లెక్కన మళ్ళీ లైఫ్ టాక్స్ కట్టాలి. ఆ రసీదు చూపించి, పాత రాష్ట్రంలో మిగిలిన కాలానికి పన్ను వాపసు అడగాలి. కట్టడం ఒక పూటలో అయిపోతుంది. వాపసు రావడం అన్నది ఓపిక ఉన్నవాళ్ళ వ్యవహారం. చాలామంది ఆ దరఖాస్తే పెట్టరు. కర్ణాటక 2014లో ఇంకో అడుగు ముందుకేసి, నెల దాటితే చాలు, పన్ను కట్టాలంది. బయటి రాష్ట్రాల నుంచి వచ్చిన ఉద్యోగులు ఉద్యమమే నడిపారు. తర్వాత అక్కడి హైకోర్టు ఆ నిబంధనను కొట్టేసింది.

ఈ తలనొప్పికి విరుగుడుగా 2021 సెప్టెంబరులో బీహెచ్ సిరీస్ వచ్చింది. రక్షణ శాఖ, కేంద్ర, రాష్ట్ర ప్రభుత్వాలు, ప్రభుత్వ రంగ సంస్థల ఉద్యోగులు, నాలుగు అంతకు మించి రాష్ట్రాల్లో ఆఫీసులున్న ప్రైవేటు కంపెనీల్లో పనిచేసేవాళ్ళు దీనికి అర్హులు. పన్ను మొత్తం ఒకేసారి కాకుండా రెండేళ్ళకోసారి కడతారు, రాష్ట్రం మారితే నంబరు మార్చనక్కర్లేదు. రాష్ట్రాలకు ఇది అంత రుచించలేదు. ఎందుకో చెప్పనక్కర్లేదు, ముందే చేతికొచ్చే లక్షలు రెండేళ్ళకోసారి వేలుగా వస్తే ఏ ఖజానాకు నచ్చుతుంది? దీనికి పూర్తిగా ఎదురు దారిలో వెళ్ళేవాళ్ళు కోట్ల రూపాయల కార్లు కొని, పన్ను తక్కువని పుదుచ్చేరి నంబరు వేయించుకుని, హైదరాబాదులో తిప్పుతారు. అధికారులు పట్టుకుని ఇక్కడి పన్ను జరిమానాతో కట్టించిన సందర్భాలు ఉన్నాయి. ఆరువందల ఫీజు ఎక్కడైనా ఆరువందలే కదా, పన్ను కోసమే ఆ ప్రయాణమంతా.

అప్పు మీద కొన్నవాళ్ళకు ఇంకో లైను ఉంటుంది. హైపోతికేషన్ నమోదు, కారుకు 1500, బైకుకు 500. దీనివల్ల బ్యాంకు పేరు ఆర్సీలోకి ఎక్కుతుంది. ఎక్కించేటప్పుడు షోరూంవాడే చూసుకుంటాడు. దించేటప్పుడు మనమే చూసుకోవాలి. చివరి వాయిదా కట్టగానే అప్పు తీరింది అని ఊపిరి పీల్చుకుంటాం. బ్యాంకు ఇచ్చిన ఎన్‌వోసీ, ఫారం 35 బీరువాలో పడుంటాయి. ఆరేళ్ళ తర్వాత బండి అమ్మబోతే ఆర్సీలో ఇంకా బ్యాంకే ఉంటుంది. ఎన్‌వోసీకి గడువు దాటిపోయి ఉంటుంది, అప్పిచ్చిన ఫైనాన్స్ కంపెనీ ఇంకో కంపెనీలో కలిసిపోయి ఉంటుంది. అప్పుడు తిరుగుడు తడిసి మోపెడవుతుంది.

పదిహేనేళ్ళు నిండిన కారుకు ఆర్సీ మళ్ళీ చేయించాలంటే ఆరువందలు సరిపోవు. 2022 ఏప్రిల్ నుంచి కారుకు 5000, బైకుకు 1000 చేశారు. ఆలస్యమైతే కారుకు నెలకు 500, బైకుకు 300 చొప్పున అదనం. పాత బండ్లను రోడ్డు మీంచి దింపాలన్నది ఆ రేట్ల వెనక ఉద్దేశం. నెలకు నాలుగుసార్లు సంతకు వెళ్ళే పాత స్కూటరు ఆసామికి ఆ ఉద్దేశం అర్థమవుతుందని నేననుకోను.

చివరగా బండి అమ్మే సంగతి. పేరు మార్పిడికి ఫీజు రిజిస్ట్రేషన్‌లో సగం. కారుకు 300, బైకుకు 150. అమ్మినవాళ్ళు పద్నాలుగు రోజుల్లో ఆర్టీవోకు తెలియజేయాలి, కొన్నవాళ్ళు ముప్పై రోజుల్లో పేరు మార్పించుకోవాలి. అందుకు ఫారం 29, ఫారం 30 నింపాలి. మనం చేసేదేమిటి? ఖాళీ ఫారాల మీద సంతకం పెట్టి, డబ్బు లెక్కపెట్టుకుని, తాళం చేతిలో పెట్టేస్తాం. కొన్నవాడు ఇంకొకరికి అమ్ముతాడు, ఆ ఇంకొకరు మరొకరికి. ఆ సంతకాల కాగితాలు బండితో పాటు ఊళ్ళు తిరుగుతుంటాయి. చలానాలు మాత్రం మన ఫోనుకే వస్తాయి. అదైనా నయం. 2018లో సుప్రీంకోర్టు ముందుకు ఇలాంటి కేసే ఒకటి వచ్చింది. బండి చేతులు మారి మారి ఇంకెవరి దగ్గరో ఉండగా ప్రమాదం జరిగింది. ఆర్సీలో ఎవరి పేరుందో వారే యజమాని, నష్టపరిహారం బాధ్యత వారిదే అని కోర్టు తేల్చింది. అమ్మేసి ఏళ్ళయిందన్న వాదన నిలవలేదు. మీరు ఎప్పుడో అమ్మేసిన బండి ఇంకా మీ పేరునే ఉందో లేదో రవాణా శాఖ వెబ్‌సైటులో నంబరు కొడితే తెలిసిపోతుంది. పేరు ఇంకా మీదే అయితే, కొన్నాయన ఫోను నంబరు వెతికే పని ఈరోజే పెట్టుకోండి.